ఫోనుకు అవతలి కొస

పెదవాల్తేరు,
విశాఖపట్నం.

ప్రియమైన మిత్రమా,

నీ ఉత్తరానికి జవాబు రాయడానికి నెల పట్టింది, కోపం తెచ్చుకోకు. నాలుగు నిమిషాల పన్నెండు సెకన్ల పాట ఒకటి మా నలుగురినీ ఏడు నెలలపాటు తిప్పలు పెట్టి, కిందటి శుక్రవారం నాడు బయటికి వచ్చింది. ఆల్బమ్ కాదు, సింగిల్ మాత్రమే. శైలి ఏమిటని ఫారంలో అడిగిన చోట ఆల్టర్నేటివ్ రాక్ అని రాశాము కానీ, ‘ఊడ్పుల రాక్’ అని రాయవలసిందని మా బేస్ గిటారువాడు ఇప్పటికీ గొణుగుతూనే ఉన్నాడు. అతని మాటలో సగం నిజం లేకపోలేదు, ఎందుకంటే ఈ పాటలో మాతో కలిసి పాడిన అతిథి గాయని మన డ్రమ్మరు వాళ్ళ పెద్దమ్మ. గజపతినగరం దగ్గరి పల్లెలో నలభై ఏళ్ళపాటు మడిలో వంగి నాట్లు వేస్తూ, ఆ చివరి మడిలో ఉన్నవాళ్ళకు వినిపించేలా పాడిన మనిషి. మైకు ముందు నిలబడడం ఆమెకు ఇదే మొదటిసారి.

పాట దేని గురించో చెబితే నువ్వు కాసేపు ఉత్తరం పక్కన పెడతావేమో. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుఫాను మన ఊరిమీద పడినప్పుడు నువ్వు బెంగళూరులో ఉన్నావు. మూడు రోజులపాటు ఇంటికి ఫోను చేస్తూనే ఉన్నాననీ, ఒక్కసారీ కలవలేదనీ, ఇక్కడ మీ అమ్మగారు డయల్ టోన్ వచ్చిందేమోనని గంటకోసారి ల్యాండ్‌లైన్ రిసీవరు ఎత్తి చూసేవారనీ, చాలా ఏళ్ళ తరువాత ఒక రాత్రి లాసన్స్ బే తీరాన కూర్చుని నువ్వే నాకు చెప్పావు. ఆ ఫోనే ఈ పాట. చరణాలు కొడుకువి, మధ్యలో వచ్చేవి తల్లివి. ఒకరి మాట ఒకరికి చేరదు కాబట్టి రెండు గొంతులూ ఎక్కడా కలిసి పాడవు.

మొదట రెండు వైపులా మా గాయకుడే పాడాడు. అప్పుడది ఫోనులా లేదు, అద్దం ముందు మాట్లాడుకుంటున్నట్టు ఉంది. తరువాత సంగీతం నేర్చుకున్న ఒక అమ్మాయి వచ్చి తల్లి భాగం ఎంతో శుభ్రంగా పాడింది. ఆ శుభ్రతే మాకు అడ్డుపడింది. మూడు రోజులుగా కరెంటు లేని ఇంట్లో, పడిపోయిన చెట్ల మధ్య కూర్చున్న మనిషి అంత నునుపుగా పాడదు. ఆ అమ్మాయికి ఆ సంగతి చెప్పడానికి నాకు వారం రోజులు పట్టింది.

అతిథి గొంతు అనగానే నీకు మన కాలేజీ రోజులు గుర్తుకు వచ్చి ఉంటాయి. లిటిల్ రాక్ నుంచి వచ్చిన ఎవనెసెన్స్ బృందం 2003లో విడుదల చేసిన ‘బ్రింగ్ మీ టు లైఫ్’ మనం వాయించినప్పుడల్లా, మధ్యలో వచ్చే మగ గొంతు అరుపులన్నీ నీవే. అప్పట్లో మనకు తెలియదు కానీ, ఆ భాగం పాడిన పాల్ మెకాయ్ ఆ బృందంలోని మనిషి కాదు, 12 స్టోన్స్ అనే మరో బృందపు గాయకుడు. ఆడగొంతు ఒక్కటే ఉంటే రాక్ రేడియోలో నడవదన్న భయంతో, మగగొంతు ఉండి తీరాలని రికార్డు కంపెనీ పట్టుబట్టింది. 2017లో ఎవనెసెన్స్ గాయని ఏమీ లీ అదే పాటను ఆర్కెస్ట్రాతో మళ్ళీ రికార్డు చేసినప్పుడు ఆ గొంతు లేకుండానే పాడింది. పాట అడిగిన అతిథి వేరు, పాట మీదికి తోసిన అతిథి వేరు. రెండో రకాన్ని మనవాళ్ళు పిలవని పేరంటం అంటారు. నీ అరుపుల మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు సుమా, అవి లేకపోతే ఆడిటోరియంలో ఒక్కడూ లేచి నిలబడేవాడు కాదు.

మేము నమూనాగా పెట్టుకున్నది మాత్రం నిక్ కేవ్, కైలీ మినోగ్ కలిసి పాడిన 1995 నాటి సింగిల్, ‘వేర్ ద వైల్డ్ రోజెస్ గ్రో’. ఒక చరణం చంపినవాడిది, ఒక చరణం చనిపోయిన పిల్లది. చావు పాటలు పాడే కేవ్ చీకటి గొంతు పక్కన, డాన్సు పాటలతో ప్రపంచమంతా తెలిసిన కైలీ గొంతు వచ్చి నిలబడింది. ఇద్దరూ ఆస్ట్రేలియావాళ్ళే కానీ ఇద్దరి శ్రోతలూ ఒకే గదిలో కూర్చునేవాళ్ళు కారు. ఆ దూరమే కథకు పనికివచ్చింది. ఆమె వచ్చి పాడేదాకా, ఆమె వరుసలను కేవ్ బృందంలోని గిటారిస్టు బ్లిక్సా బార్గెల్డ్ నమూనాకు పాడి పెట్టాడు. ఆ నమూనా 2005లో విడుదలైంది కూడా. వింటే నవ్వు వస్తుంది, తరువాత కొంచెం భయం వేస్తుంది. మా గాయకుడు కూడా పెద్దమ్మ వరుసలను దొంగ గొంతుతో పాడి వినిపిస్తే ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, “ఒలమ్మో, ఈడికేటైనాదే!” అని పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. ఆ నవ్వుతోనే ఆమెకు బెరుకు పోయిందని నా నమ్మకం.

అసలు కష్టం శ్రుతి దగ్గర మొదలైంది. పాటను మేము ఇ మైనర్‌లో కట్టుకున్నాము. గిటారులో అన్నిటికంటే లావు తీగ ఇ. దాన్ని నొక్కకుండా విడిచిపెడితే గది గోడలు కూడా మోగుతాయి కాబట్టి, రాక్ వాయించేవాళ్ళలో సగం మంది బద్ధకం కొద్దీ అక్కడే ఇల్లు కట్టుకుంటారు. పెద్దమ్మ ఆ శ్రుతిలో పాడితే కింది స్వరాలు గొంతులోనే ఉండిపోయాయి. నీ శ్రుతి ఎంత అని ఆమెను అడగడంలో అర్థం లేదు. ఒక మధ్యాహ్నం ఆమె వంటింట్లో దొండకాయలు తరుగుతూ తనలో తాను ఏదో పాడుకుంటూ ఉంటే, నేను ట్యూనర్ యాప్ తెరిచిన ఫోనును కాయల గిన్నె పక్కన పెట్టి కూర్చున్నాను. ముల్లు ఐదున్నర శ్రుతి దాటి, ఆరుకు చేరకుండా నడుమ ఆగింది. ఆరు శ్రుతి అంటే మా గిటారు భాషలో ‘ఏ’ (A) స్వరం; దానికి అర మెట్టులో మూడో వంతు తక్కువ. ఆమె కత్తిపీట ముందు నుంచి లేచి పప్పు దించి వచ్చి, మళ్ళీ పాట అందుకున్నప్పుడు కూడా ముల్లు సరిగ్గా అక్కడికే వచ్చి నిలిచింది. తంబురా లేని మనిషి శ్రుతి అంత నికరంగా ఉండడం నేను ఎన్నడూ చూడలేదు.

ఇక చేయవలసినది ఒక్కటే. ఆమెను మా దగ్గరికి లాగకుండా మేమే ఆమె దగ్గరికి వెళ్ళాము. పాటను ‘ఏ’ మైనర్‌కు మార్చి, ట్యూనర్‌లో ‘ఏ’ స్వరాన్ని 440 నుంచి 432 హెర్ట్జ్‌కు దించి, గిటార్లు రెండూ, బేసూ అన్నీ దానికే బిగించాము. 432లో ఏవో మహిమలు ఉన్నాయని చెప్పేవాళ్ళు ఈ సంగతి వింటే మమ్మల్ని తమ మతంలో కలుపుకుంటారేమో కానీ, ఆ అంకెకు మా దగ్గర దొండకాయల మహిమ తప్ప మరేమీ లేదు. ఈ మార్పుతో లావు తీగ మోత పోయి, దాని పక్క తీగ మోత మిగిలింది. పాట అడుగు పలచబడిందని బేసువాడు రెండు రోజులు అన్నం సరిగ్గా తినలేదు. మా గాయకుడు కూడా తన చరణాలను ముందుకంటే బాగా కిందికి దిగి, దాదాపు మాట్లాడుతున్నట్టు పాడవలసి వచ్చింది. ఆ గొంతు వింటే మూడు రోజులుగా ఒకే నంబరు నొక్కుతున్న వాడిలా ఉంది. అది మా తెలివి కాదు, ఆమె శ్రుతి ఇచ్చిన కానుక.

రికార్డింగు మా మేడ మీది గదిలోనే. పెద్దమ్మ పొద్దున్నే కరకచెట్టు పోలమాంబ అమ్మవారి దర్శనం చేసుకుని, నుదుట ఇంత బొట్టుతో వచ్చింది. ఫ్యాను ఆపి, కిటికీలకు బొంతలు కట్టాము. హెడ్‌ఫోన్లు పెట్టగానే తీసివేసి, “నా గొంతు నాకే ఎనకనుండి ఇనపడతంది బాబూ, ఎవురో ఎక్కిరించినట్టుంది” అంది. హెడ్‌ఫోన్లు లేకపోతే తాళం తప్పకుండా చెవిలో టిక్కుటిక్కుమనే క్లిక్ వినిపించదు. క్లిక్ వినిపించినా ఆమె దాన్ని లెక్కచేసే మనిషి కాదు, ఎందుకంటే నాట్ల పాట చేతి వేగంతో నడుస్తుంది తప్ప గడియారంతో కాదు. అందుకని డ్రమ్మరును అదే గదిలో ఆమెకు ఎదురుగా కూర్చోబెట్టి, పెద్ద డ్రమ్ము మీద తువ్వాలు పరిచి, ఆమె అరచెయ్యి మోకాలి మీద పడినప్పుడల్లా కొట్టమన్నాము. మైకును ఆమెకు రెండు మూరల దూరంలో పెట్టాను. దగ్గర పెడితే ఆ గొంతుకు మీటరు ఎర్రబడుతోంది. మూడోసారి పాడినది ఉంచుకున్నాము. అందులో డ్రమ్ము చప్పుడు ఆమె మైకులోకి పాకింది, రెండో పల్లవికి వేగం పెరిగింది, చివర్లో ఒక కాకి కూడా ఉంది. ఏదీ తీసివేయలేదు. గిటార్లు తరువాత ఆమె నడక విని వాయించాము. నేను రాసిన మాటలను కూడా ఆమె తన నోటికి తగినట్టు మార్చుకుంది:

ఎత్తి సూసినానురా, ఏ మోతా లేదురా,
సెవిన ఎట్టి ఇంటె నాకు గాలి మోతే తేలెరా.

‘చూశాను’, ‘విన్నాను’ అని పుస్తకంలో మాటలు రాసిన నా కాగితం అక్కడితో మడత పడింది.

పాట ఖర్మ విడుదల రోజున కాలింది. పెద్దమ్మది మన వైపు ప్రతి మూడో ఇంట్లో వినిపించే పేరు. పాటను పంపిణీ చేసే సంస్థవాళ్ళు అదే పేరు ఉన్న ఒక భక్తిగీతాల గాయని పేజీలో మా సింగిల్‌ను అతికించారు. మంగళహారతుల మధ్య మా గిటార్ల రొద! పదకొండు ఉత్తరాలు రాస్తే నిన్నటికి సరిచేశారు. చిన్న పొరపాటేగా అని మావాళ్ళు అన్నారు కానీ నేను వదలలేదు. పాడినవారు తమ పేరు చెప్పించుకోవడం, ఆ పాటను వ్యాపారానికి వాడుకుంటే రాయల్టీ పొందడం వారి హక్కులని, 1957 నాటి కాపీరైటు చట్టం 2012 సవరణ తరువాత స్పష్టంగానే చెబుతోంది. ఊడ్పుల పాటలను పట్నంవాళ్ళు ‘జానపదం’ అన్న ఒక్క మాట కింద ఊరూ పేరూ లేకుండా వాడుకోవడం మనం చూస్తూనే ఉన్నాము. అందుకే కవరు మీద ఆమె పేరు మా బృందం పేరు పక్కనే, అదే సైజు అక్షరాలతో ఉంది, వచ్చే డబ్బును ఐదు సమాన వాటాలు చేస్తామని కాగితమూ రాసుకున్నాము. వచ్చే డబ్బు ఎంతో అడగకు, ఇప్పటివరకు అది ఐదు కప్పుల టీ కూడా దాటలేదు.

నువ్వు ఏమంటావో అన్న భయం కొద్దీ, విడుదలకు ముందే మీ అమ్మగారి దగ్గరికి వెళ్ళి పాట వినిపించాను. రెండుసార్లు విన్నారు. రెండోసారి కళ్ళు మూసుకున్నారు. తరువాత నాతో, “రిసీవరు ఎత్తడం నిజమే నాయనా, కానీ చెవిన పెట్టుకునేదాన్ని కాదు. పెట్టుకుంటే ఏమీ వినబడదని తెలిసిపోతుందిగా, చేత్తో పట్టుకుని కూర్చునేదాన్ని” అన్నారు. అప్పటికి పాటను సంస్థకు పంపివేశాము, మార్చడానికి వీలు లేకపోయింది. ఆ పాడినావిడ ఎవరో ఒకసారి భోజనానికి తీసుకురమ్మని కూడా అన్నారు. వచ్చే నెల రెండో ఆదివారం పెద్దమ్మ వస్తానంది. నువ్వు కూడా హైదరాబాద్ నుంచి శనివారం రాత్రి రైలెక్కు. వచ్చేటప్పుడు గిటారు తీగలు రెండు సెట్లు పట్టుకురా, ఇక్కడి ఉప్పుగాలికి మావి మళ్ళీ తుప్పు పట్టాయి.

నీ
పాత గిటారువాడు