చరిత్ర పఠన విభాగం వార్షిక నివేదిక: డాలీ మాడిసన్, ఆమె కుటుంబం, ఆ ఇంటి మనుషులు

గౌరవనీయులైన సభ్యులందరికీ నమస్కారం.

మన సంఘం చరిత్ర పఠన విభాగం ఈ ఏడాది జరిపిన కార్యక్రమాల నివేదికను మీ ముందు ఉంచుతున్నాం. నెలకో ఉపన్యాసం విని మరిచిపోవడం కంటే ఏడాదంతా ఒకే విషయాన్ని పట్టుకుని చదవాలని గత సర్వసభ్య సమావేశం తీర్మానించింది. విషయం కోసం ఎక్కువ వెతకనక్కర లేకపోయింది. ఉత్తర వర్జీనియాలో 123వ నంబరు రోడ్డుకు మక్లీన్ ప్రాంతంలో డాలీ మాడిసన్ బౌలెవార్డ్ అని పేరు. మన సభ్యుల్లో చాలామంది ఏళ్ల తరబడి ఆ దారినే ఆఫీసులకు వెళ్ళి వస్తున్నా, ఆ పేరు ఎవరిదని అడిగితే సరిగ్గా చెప్పగలిగినవారు ఆ రోజు సభలో వేళ్ల మీద లెక్కపెట్టేంతమందే. అది కేకుల బ్రాండు పేరని వాదించినవారూ ఉన్నారు. రోజూ తిరిగే దారి పేరుతోనే మొదలుపెడదామనుకున్నాం.

డాలీ మాడిసన్ అమెరికా నాలుగో అధ్యక్షుడు జేమ్స్ మాడిసన్ భార్య. అంతకు ముందు 1801 నుంచి 1809 వరకు అధ్యక్షుడిగా ఉన్న థామస్ జెఫర్సన్‌కు భార్య లేకపోవడంతో, ఆడవారు కూడా వచ్చే విందుల్లో అతిథి మర్యాదలు చూసే బాధ్యత తరచుగా అప్పటి విదేశాంగ మంత్రి మాడిసన్ భార్యగా ఉన్న డాలీ మీదనే పడేది. ఈ పనికి తెలుగులో ఏ మాట వాడాలన్న చర్చ మా మొదటి సమావేశాన్ని సగం మింగేసింది. ‘ప్రథమ మహిళ’ అన్న మాట మన పత్రికలకు అలవాటే గాని, ఆ రోజుల్లో అమెరికాలో ఆ హోదాకు స్థిరపడిన పేరు లేదు. ‘ఇల్లాలు’ అందామంటే జెఫర్సన్ ఇంటి విషయంలో అది పొసగదు. చివరికి ‘ఆతిథేయి’ అన్న మాటతో సరిపెట్టుకున్నాం. ఆమె పేరును ఇంగ్లీషులో ఏ అక్షరాలతో రాయాలన్నదాని మీద జీవిత చరిత్రకారులు చాలాకాలం తగాదా పడ్డారు. తెలుగులో ఎలా రాసినా డాలీయే కనుక మనకు ఆ బాధ తప్పింది.

వసంతంలో జరిపిన మొదటి యాత్ర ఫిలడెల్ఫియాకు. డాలీ 1768 మే 20న నార్త్ కరోలినాలో, బానిసత్వాన్ని తప్పుపట్టే క్వేకర్లు అనే క్రైస్తవ శాఖవారి స్థావరంలో, జాన్ పేన్, మేరీ కోల్స్ పేన్ దంపతులకు పుట్టారు. మరుసటి ఏడాదే కుటుంబం వర్జీనియాకు తిరిగి వచ్చింది. తన మతం చెప్పినదాన్ని మనసారా నమ్మిన జాన్ పేన్ 1783లో తన బానిసలను విడుదల చేసి, సేద్యం మానుకుని, ఫిలడెల్ఫియా వెళ్ళి బట్టలకు పెట్టే గంజి తయారుచేసే వ్యాపారం పెట్టారు. అది 1789 నాటికి దివాలా తీసింది. అప్పు తీర్చలేనివాడని క్వేకర్ల సమాజం ఆయనను వెలివేసింది. 1792లో ఆయన కన్నుమూశారు. తల్లి పూటకూళ్ల ఇల్లు నడిపి సంసారం లాక్కొచ్చారు. బానిసలను వదులుకున్నందుకు ఆ ఇల్లు ఎంత మూల్యం చెల్లించిందో చూసిన కూతురు తర్వాత అరవై ఏళ్లూ ఎలా బతికారన్న ప్రశ్న ఫిలడెల్ఫియాలోనే మాకు మొదలైంది.

వాల్‌నట్ వీధి, నాలుగో వీధి కలిసే మూలన ఉన్న టాడ్ ఇల్లు ఇప్పటికీ ఉంది. 1790 జనవరిలో డాలీ పెళ్ళాడిన న్యాయవాది జాన్ టాడ్ ఇల్లు అది. 1793లో ఆ నగరాన్ని పచ్చజ్వరం చుట్టుముట్టి సుమారు 5,000 మందిని బలి తీసుకుంది. ఆ అక్టోబరు 24న భర్త, పసికందు విలియం ఒకే రోజు పోయారు. ఇరవై అయిదేళ్ల డాలీకి మిగిలింది పెద్ద కొడుకు జాన్ పేన్ టాడ్ ఒక్కరే. ఆ మెట్ల మీద నిలబడినప్పుడు మనవాళ్లలో కాసేపు ఎవరూ మాట్లాడలేదు. మరుసటి ఏడాది ఆరన్ బర్ అనే సెనేటర్ ద్వారా పరిచయమైన జేమ్స్ మాడిసన్‌ను 1794 సెప్టెంబరు 15న, చెల్లెలు లూసీ అత్తవారి ఇల్లు హేర్‌వుడ్‌లో ఆమె వివాహమాడారు. వరుడికి 43 ఏళ్లు, వధువుకు 26. మతం బయటివారిని చేసుకున్నందుకు ఈసారి క్వేకర్లు డాలీనీ వెలివేశారు.

ఆమె కాపురం చేసిన మాంట్‌పీలియర్ అనే మాడిసన్ల తోట ఇల్లు వర్జీనియాలోని ఆరెంజ్ కౌంటీలో ఉంది. అక్కడికి జరిపిన యాత్రలో మన ఆడవారికి అన్నిటికంటే నచ్చిన సంగతి ఆ ఇంటి కట్టడం. కొడుకూ కోడలూ వచ్చాక 1797 ప్రాంతంలో ఇంటిని పెంచినప్పుడు, ఒకే కప్పు కింద రెండు కాపురాలుగా, ఎవరి వీధి గుమ్మం వారికి ఉండేట్టు కట్టారు. అత్తగారు నెల్లీ మాడిసన్ 1829లో తొంభై ఏడేళ్ల వయసులో పోయేదాకా తన గదులు, తన వంట, తన పనివారు, తన పద్ధతులు విడిగానే నడుపుకున్నారు. డాలీ రోజూ వెళ్ళి ఆవిడ బాగోగులు చూసేవారు. ‘వేరు కుంపటి పెట్టుకుని కూడా కలిసి ఉండటం మనవాళ్లు ఇప్పుడు నేర్చుకుంటున్నారు’ అని ఒక పెద్దావిడ అన్న మాటకు బస్సంతా నవ్వింది. అయితే ఆ రెండు కుంపట్లనూ రాజేసింది, ఇంటి పక్కనే తవ్వకాల్లో బయటపడిన గుడిసెల్లో బతికిన బానిసలు. ఒక్కో కాలంలో ఆ తోటలో దాదాపు వంద మంది దాకా ఉండేవారు.

ఆతిథ్యం గురించి మా సమావేశాల్లో చెప్పుకున్నదంతా ఇక్కడ రాయబోవడం లేదు. అందులో సగం తలపాగాలు, నశ్యం, పెంపుడు రామచిలుక. ముఖ్యమైన సంగతులు రెండు. 1803 డిసెంబరులో బ్రిటిష్ రాయబారి ఆంథొనీ మెర్రీ దంపతులు విందుకు వచ్చినప్పుడు, మర్యాద ప్రకారం మెర్రీ భార్యను భోజనాల గదిలోకి తోడ్కొని వెళ్ళవలసిన జెఫర్సన్, పక్కనున్న డాలీకి చేయి అందించారు. దాని మీద రాయబార కార్యాలయం నెలల తరబడి అలిగింది. ఎవరు ముందు నడవాలన్న తగువు మన పెళ్ళి పందిళ్లలోనే కాదన్నమాట. రెండోది, 1809 మార్చి 4న భర్త పదవి చేపట్టిన రాత్రి లాంగ్స్ హోటల్లో జరిగిన మొదటి ప్రారంభోత్సవ నృత్యసభ. 400 మంది కిక్కిరిసి, గాలి ఆడక కిటికీ అద్దాలు పగలగొట్టవలసి వచ్చింది. తర్వాత బుధవారం సాయంత్రాల్లో ఆమె అధ్యక్ష భవనం తలుపులు తెరిచి ఉంచేవారు. భర్తను పత్రికల్లో దుమ్మెత్తిపోసే ప్రతిపక్షం వారు కూడా వచ్చి తిని, మాట్లాడి, పోయేవారు. మాటకారి కాని, నలుగురిలో బిడియపడే మాడిసన్‌కు కాంగ్రెసులో కావలసిన మనుషులను ఆ గదులే సంపాదించిపెట్టాయని మా విభాగం అభిప్రాయం. ఆ భవనంలో మొదటి పెళ్ళి కూడా ఆమె చెల్లెలిదే: భర్త పోయిన లూసీ 1812 మార్చిలో సుప్రీంకోర్టు న్యాయమూర్తి థామస్ టాడ్‌ను అక్కడే పెళ్ళాడారు.

ఇక 1814 ఆగస్టు 24, బ్రిటన్‌తో జరిగిన యుద్ధంలో శత్రు సైన్యం వాషింగ్టన్‌లోకి వచ్చిన రోజు. ముందుగా ఒక సవరణ. ఆ రాత్రి డాలీ తలదాచుకున్న ఇంటిని చూడటానికంటూ మేం సభ్యులకు పంపిన ఆహ్వానంలో లీస్‌బర్గ్ దగ్గరి రోక్‌బీ అని అచ్చయింది. అది స్వాతంత్ర్య ప్రకటన పత్రాన్ని దాచిన రోక్‌బీ. డాలీ ఆగినది చెయిన్ బ్రిడ్జికి ఎగువన, మన మక్లీన్ వైపున్న మరో రోక్‌బీ. తప్పు పూర్తిగా విభాగానిదే. లీస్‌బర్గ్ వెళ్ళి తిరిగివచ్చిన రెండు కుటుంబాలకు క్షమాపణలు చెప్పుకుంటున్నాం.

వాషింగ్టన్ పక్కనున్న బ్లేడెన్స్‌బర్గ్‌లో అమెరికా సైన్యం చెదిరిపోయిన ఆ మధ్యాహ్నం అధ్యక్ష భవనంలో భోజనాల బల్ల సిద్ధమై ఉంది. కబురు అందగానే అందరూ బయలుదేరారు. ఆ భోజనాన్ని బ్రిటిష్ సైనికులు తిని, భవనానికి నిప్పు పెట్టారు. గిల్బర్ట్ స్టూవర్ట్ గీసిన జార్జ్ వాషింగ్టన్ నిలువెత్తు చిత్రాన్ని డాలీ తన చేతులతో కోసి, చుట్టి, ఎత్తుకుపోయారన్న కథను అమెరికా బడిపిల్లలు తరతరాలుగా విన్నారు. చెల్లెలికి రాసినట్టు ప్రచారంలో ఉన్న ఉత్తరంలో ఆమె సైతం అలా చెప్పలేదు: చట్రం పగలగొట్టి చిత్రాన్ని తీయమని ఆజ్ఞాపించానని మాత్రమే ఉంది. పైగా ఆ ఉత్తరం అసలు ప్రతి దొరకదు. మనకు దొరికేది దాదాపు ఇరవై ఏళ్ల తర్వాత ఆమె స్వయంగా ఎత్తిరాసిన ప్రతి.

ఆ రోజు భోజనాల బల్ల సర్దినవారు పాల్ జెన్నింగ్స్. 1799లో మాంట్‌పీలియర్‌లో బానిసగా పుట్టి, అప్పటికి పదిహేనేళ్లవారు. ఆయన జ్ఞాపకాలు 1865లో చిన్న పుస్తకంగా వచ్చాయి. అధ్యక్ష భవన జీవితం గురించి వచ్చిన మొదటి జ్ఞాపకాల పుస్తకంగా దాన్ని లెక్కిస్తారు. చిత్రం కథ పూర్తిగా అబద్ధమని అందులో ఆయన తేల్చేశారు: దాన్ని దించడానికి నిచ్చెన కావాలి, ఆమెకు అంత వ్యవధి లేదు, చేతిసంచిలో పట్టిన వెండి సామాను మాత్రమే ఆమె తీసుకుపోయారు, చిత్రాన్ని దించినవారు ఫ్రెంచి ద్వారపాలకుడు, తోటమాలి. మా సమావేశంలో రెండు పక్షాలు ఏర్పడ్డాయి. ఆజ్ఞ ఇచ్చినవారికే ఘనత దక్కాలని ఒకరు, నిచ్చెన ఎక్కినవారికి దక్కాలని ఒకరు. ఈ నివేదిక రాస్తున్న నేను రెండో పక్షం.

వాషింగ్టన్‌లోని ఆక్టగన్ భవనం చూడటానికి ఒక శనివారం చాలింది. తగలబడిన ఇంటిని వదిలి మాడిసన్ దంపతులు అక్కడే ఉన్నారు. 1815 ఫిబ్రవరిలో యుద్ధాన్ని ముగించిన ఘెంట్ సంధిని అధ్యక్షుడు ఆ ఇంట్లోనే ఆమోదించారు.

శీతాకాలపు సమావేశాలన్నీ అప్పుల కథతోనే గడిచాయి. మాడిసన్‌తో డాలీకి సంతానం కలగలేదు. లీపు సంవత్సరం ఫిబ్రవరి 29న పుట్టిన పేన్ టాడ్‌కు తాగుడు, జూదం వ్యసనాలు. అప్పులకు జైలు కూడా చూశారు. సవతి కొడుకు అప్పుల కింద మాడిసన్ సుమారు 40,000 డాలర్లు చెల్లించారని లెక్క. అందులో కొంత డాలీకి తెలియకుండానే. 1836 జూన్ 28న భర్త పోయాక ఆమె ఆయన కాగితాల్లో ఒక భాగాన్ని కాంగ్రెసుకు 30,000 డాలర్లకు అమ్మారు. అదీ చాలక 1844లో మాంట్‌పీలియర్‌ను అమ్మేశారు. ఆ జూలైలో తోటలోని సారా స్టూవర్డ్ అనే బానిస మహిళ ఆమెకు రాసిన ఉత్తరం దొరుకుతుంది: షరీఫు మమ్మల్ని అందరినీ పట్టుకున్నాడు, మీరేదైనా చేయకపోతే వచ్చే కోర్టు నాటికి అమ్మేస్తానంటున్నాడు అని. దాన్ని తెలుగు చేసి చదివిన సభ్యురాలి గొంతు రెండుసార్లు ఆగింది. అదే ఏడాది జనవరిలో ప్రతినిధుల సభ డాలీకి తన మందిరంలో గౌరవాసనం ఇచ్చింది.

జెన్నింగ్స్‌ను ఆమె 1846లో 200 డాలర్లకు అమ్మారు. మరుసటి ఏడాది సెనేటర్ డేనియల్ వెబ్‌స్టర్ 120 డాలర్లిచ్చి ఆయనకు స్వేచ్ఛ కొన్నారు. నెలకు 8 డాలర్ల చొప్పున పని చేసి జెన్నింగ్స్ ఆ బాకీ తీర్చారు. వాషింగ్టన్‌లో లఫాయెట్ చౌరస్తా పక్క ఇంట్లో డాలీ తిండికి కూడా కటకటలాడిన రోజుల్లో, వెబ్‌స్టర్ పంపిన బుట్టెడు సరుకులు మోసుకెళ్ళి ఇస్తూ, అప్పుడప్పుడు తన జేబులోంచి కొంత డబ్బు కూడా ఆమె చేతిలో పెట్టానని ఆయన రాసుకున్నారు. 1848 ఏప్రిల్‌లో 77 మంది బానిసలు పర్ల్ అనే పడవలో తప్పించుకోబోయి పట్టుబడ్డారు. ఆ ప్రయత్నానికి సాయపడినవారిలో జెన్నింగ్స్ ఒకరు. పట్టుబడినవారిలో డాలీ పనిమనిషి సూకీ కూతురు, పదిహేనేళ్ల ఎలెన్ కూడా ఉన్నారు. ఆమెను డాలీ అమ్మేశారు. ఆ ఏడాదే కాంగ్రెసు మిగిలిన కాగితాలను 25,000 డాలర్లకు కొని, అందులో 20,000 డాలర్లు కొడుకు చేతికి చిక్కకుండా ధర్మకర్తల చేతిలో పెట్టింది. 1849 జూలై 12న, 81 ఏళ్ల వయసులో, డాలీ వాషింగ్టన్‌లో కన్నుమూశారు. 1858లో ఆమె అవశేషాలను మాంట్‌పీలియర్‌కు తీసుకుపోయి భర్త పక్కన ఉంచారు.

ఈ చదువంతా చిన్న తెలుగు పుస్తకంగా తేవాలని విభాగం సంకల్పించింది. రాత సగం నడిచాక ఒక చిక్కు వచ్చింది. ఇంగ్లీషులో క్రియకు మర్యాద లేదు. తెలుగులో ఒక్క వాక్యం రాయాలన్నా ‘వచ్చాడు’ అనాలా ‘వచ్చారు’ అనాలా తేల్చుకోక తప్పదు. మొదటి చిత్తుప్రతిలో డాలీ ‘వచ్చారు’, జెన్నింగ్స్ ‘వచ్చాడు’, ఎలెన్ ‘పారిపోయింది’. ఎవరూ కావాలని అలా రాయలేదు. చేతికి అలా వచ్చేసింది, అంతే. ఒక యువసభ్యురాలు పెన్సిలుతో వాటన్నిటి కింద గీతలు గీసి తెచ్చాక, యజమానికీ బానిసకూ ఒకే మర్యాద బహువచనం వాడాలని తీర్మానించి మొత్తం తిరగరాశాం. ఈ నివేదికలోనూ అదే పాటించాను. పేన్ టాడ్‌కు కూడా ‘ఆయన’ అనాలా అని మా కోశాధికారి అడిగారు. అనాలనే తేలింది, కాస్త నవ్వుకుంటూనే.

యాత్రల ఖర్చు వివరాలు కోశాధికారి పట్టికలో విడిగా ఉన్నాయి. బస్సుల ఏర్పాట్లు, భోజనాలు చూసిన కుటుంబాలకు విభాగం కృతజ్ఞతలు. వచ్చే ఏడాదికి డాలీ తల్లి వైపు బంధువు, మాడిసన్‌కు కార్యదర్శిగా పనిచేసిన ఎడ్వర్డ్ కోల్స్ జీవితాన్ని చదవాలని ప్రతిపాదిస్తున్నాం. 1819లో ఇల్లినాయ్‌కి వెళ్తూ దారిలోనే తన బానిసలను విడుదల చేసి, తర్వాత ఆ రాష్ట్రానికి గవర్నరైన వ్యక్తి ఆయన. పుస్తకం అట్ట మీద డాలీ పేరు ఒక్కటే ఉండాలా, పక్కన పాల్ జెన్నింగ్స్ పేరు కూడా ఉండాలా అన్న విషయంలో విభాగం ఓట్లు సరిసమానంగా చీలినందువల్ల, నిర్ణయాన్ని సర్వసభ్య సమావేశానికి వదిలిపెడుతున్నాం.

ఇట్లు,
కార్యదర్శి, చరిత్ర పఠన విభాగం