నూనె పంపను తల్లీ, కాచుకోవడం నేర్చుకో

పర్లాకిమిడి,
ఆదివారం

చి.ల.సౌ. అమ్మలుకి నాన్న ఆశీస్సులు.

ఇక్కడ అందరం క్షేమం. నీ మెసేజ్ మీ అమ్మ, నేను కలిసి చదివాం. పిల్లాణ్ణి ఎత్తుకుని ఎత్తుకుని భుజాలు లాగేస్తున్నాయనీ, కౌంటర్లో రోజంతా నిలబడితే సాయంత్రానికి పిక్కలు పట్టేస్తున్నాయనీ రాశావు. అత్తగారి మోకాళ్లకి కూడా పనికొస్తుంది, వావిలి నూనె రెండు సీసాలు బస్సులో వేసి పంపమన్నావు. పంపడం నాకేం కష్టం కాదు. అయినా ఈసారి పంపను, కోపం తెచ్చుకోకు. కాచుకోవడం నేర్పుతాను. నూనె ఎవరు కాస్తారో వాళ్లకే అందులో ఏం పడిందో తెలుస్తుంది. ఏం పడిందో తెలిస్తేనే ఎక్కడ రాయాలో, ఎక్కడ రాయకూడదో తెలుస్తుంది. మీ ఇంట్లో రెండేళ్లు నిండని పసివాడున్నాడు, రక్తం పలచబడే మాత్ర వేసుకునే పెద్దావిడ ఉన్నారు. అలాంటి ఇంటికి ఊరికే సీసా పంపి ఊరుకోవడం నాకిష్టం లేదు.

ముందు ఆకు సంగతి. ఇక్కడ సంతకి సవర ఆడవాళ్లు కొండ మీంచి ఆకులూ వేళ్లూ తెస్తారు. ఏ ఆకు అడిగినా రెండు వేళ్ల మధ్య నలిపి ముందు వాసన చూపించి గానీ ఇవ్వరు. గిడుగు రామమూర్తిగారు సవర భాష నేర్చుకున్నది ఈ ఊళ్లో మాస్టారుగా ఉన్న రోజుల్లోనే. ఆ మాట గుర్తొచ్చినప్పుడల్లా, వాళ్ల దగ్గర భాషతో పాటు నేర్చుకోవలసింది ఇంకా ఎంతో మిగిలిపోయిందనిపిస్తుంది నాకు. భువనేశ్వర్‌లో నీకు సవరలు దొరక్కపోయినా వావిలి దొరుకుతుంది. కాలవ గట్ల మీద, కంచెల్లో పెరుగుతుంది. కొట్లో అయితే నిర్గుండి అని అడుగు. ఒక్కో కాడకి అయిదు ఆకులు, కొన్నిటికి మూడే, చేతివేళ్లు చాపినట్టు ఉంటాయి. పైన ముదురాకుపచ్చ, అడుగున బూడిదరంగు తెలుపు. పూస్తే ఊదారంగు పూలు. నలిపితే ఘాటైన వాసన ముక్కుకి తగలాలి. తగలకపోతే అది వావిలి కాదు, వదిలెయ్యి. రోడ్డు పక్కన మురికికాలవ మీద ఉన్నది కొయ్యకు. నువ్వు పుట్టినప్పుడు మీ అమ్మకి బాలింత స్నానం ఈ ఆకు మరిగించిన నీళ్లతోనే పోశారు, ఆవిడనడుగు.

ఇక కాచడం. వైద్యగ్రంథాల్లో ఒక లెక్క ఉంది: ముద్ద ఒక వంతు, నూనె నాలుగు వంతులు, కషాయం పదహారు వంతులు. నీ వంటింటికి సరిపడా చెబుతాను. అర కిలో ఆకు కడిగి, నాలుగు లీటర్ల నీళ్లలో వేసి లీటరు మిగిలేదాకా మరిగించి వడగట్టు. ఇంకో అరవై గ్రాముల ఆకు మెత్తగా రుబ్బు. పావు లీటరు నువ్వుల నూనె తీసుకో. మేం పాతపట్నం వెళ్లినప్పుడు గానుగ నూనె తెచ్చుకుంటాం, మీకు అక్కడ ఒడియాలో రాశి తేల అని అడిగితే ఇస్తారు. ఆవనూనె వాడేవాళ్లూ ఉన్నారు. నాకు నువ్వుల నూనే నచ్చుతుంది, ఒంటికి మంట పెట్టదు. మూడూ కలిపి మందపాటి అడుగున్న లోతు గిన్నెలో సన్నని సెగ మీద పెట్టు. గిన్నె సగానికి మించి నిండకూడదు, పొంగుతుంది. గరిటె ఆపకుండా అడుగు గీకుతూ తిప్పాలి, లేకపోతే ముద్ద అడుగంటి నూనెంతా మాడు వాసన వేస్తుంది. ఓ పూట పడుతుంది. పిల్లాడు పడుకున్నాకనో, అల్లుడుగారు ఇంట్లో ఉన్న ఆదివారమో పెట్టుకో. మరిగే నూనె దగ్గరికి వాణ్ణి రానివ్వద్దు.

ఎప్పుడు దింపాలన్నదే అసలు విద్య, కాస్త నిదానంగా చదువు. నీళ్లన్నీ పోయేదాకా గిన్నెలో చిటపట వినిపిస్తూనే ఉంటుంది. అది తగ్గాక గరిటె చివర ముద్ద కొంచెం తీసి, చల్లారనిచ్చి, బొటనవేలూ చూపుడువేలూ మధ్య నలుపు. మొదట్లో బురదలా అంటుకుంటుంది, అప్పటికి కాలేదు. కాసేపటికి మైనంలా సాగి, వత్తిలా చుట్టడానికి వస్తుంది. లోపలికి తీసుకునే నూనెలని అక్కడే దింపేస్తారు. మనది ఒంటికి రాసేది కాబట్టి ఇంకొంచెం ఆగాలి. ముద్ద వేళ్ల మధ్య ఇసుకలా గరగర తగలాలి, నూనె మీద సన్నని నురగ తేలాలి. ఆఖరి పరీక్ష: ఆ ముద్ద కొంచెం పటకారుతో పట్టుకుని దీపం మంటకి చూపించు. చిటపటమంటే ఇంకా తడి ఉన్నట్టు. చప్పుడు లేకుండా వెలిగితే వెంటనే స్టవ్ ఆపేసి, వేడి తగ్గకముందే పలచని గుడ్డలో వడగట్టు. ఆ చప్పుడు లేని మంట చూసేదాకా నేను గిన్నె దించను. తడి ఉండిపోయిన నూనె నాలుగు వారాలకే ముక్కిపోతుంది, బూజు పడుతుంది.

మామూలుగా నేను దింపిన నూనె గోరువెచ్చగా అయ్యాక ముద్దకర్పూరం కలుపుతాను. నువ్వు కలపద్దు. పసిపిల్లలు కర్పూరం కాస్త నోట్లో పెట్టుకున్నా ఫిట్స్ వస్తాయి, ప్రాణం మీదికి వస్తుంది. నీ భుజానికి రాసుకున్నది వాడు నాకకుండా ఎంతసేపని కాపలా కాస్తావు? కర్పూరం, పుదీనా పువ్వు (మెంథాల్), వాము పువ్వు (థైమాల్) కలిపితే మూడూ కరిగి ద్రవమైపోతాయి కదా, బడిలో పిల్లలకి అది చేసి చూపించేవాణ్ణి. అది కూడా మీ ఇంట్లో ఇప్పుడు ఉండకూడదు.

నూనె తయారయ్యాక ముందు మోచేతి లోపలివైపు చుక్క రాసి ఒకరోజు చూడు. దద్దుర్లు రాకపోతే వాడుకో. మన పక్కింటాయన కొమ్ముపని చేస్తాడు, నువ్వెరుగుదువు. ఆకురాయితో కొమ్ము నునుపు చేసీ చేసీ సాయంత్రానికి మణికట్టు కట్టెలా బిగుసుకుపోతుంది ఆయనకి. గోరువెచ్చని నూనె అరచెంచా మణికట్టు మీద వేసి, బొటనవేలితో ముంజేతి కండ వెంట కిందనుంచి పైకి, నొప్పి పుట్టేంత గట్టిగా కాకుండా కాసేపు రాస్తాను. తర్వాత వేడినీళ్ల గుడ్డ. మర్నాడు వేళ్లు తిరుగుతున్నాయంటాడు. ఇందులో నూనె పని ఎంత, చేతి పని ఎంత, వేడి పని ఎంత అంటే విడదీసి చెప్పలేం. రాపిడికీ వేడికీ నెత్తురు బాగా ఆడుతుంది, బిగిసిన కండ వదులుతుంది. చర్మం మీద తగిలే వెచ్చదనం నొప్పి కబురుని కొంత మరుగు పరుస్తుంది. మిరపకాయ మంటని పట్టే ద్వారం నరాల్లో ఎక్కడుందో కనిపెట్టిన డేవిడ్ జూలియస్‌కి 2021లో నోబెల్ ఇచ్చారు. అదే ద్వారం వేడిని కూడా పడుతుందట. ఆ వార్త చదివిన రోజు నాకు ఎంత సంతోషమయ్యిందో.

నీ భుజాలకి రాత్రి స్నానానికి ముందు రాసుకో. పిల్లాణ్ణి ఎప్పుడూ ఒకే పక్క ఎత్తుకోకు. పిక్కలకి కూడా మంచిదే, కానీ ఒక్క మాట. రెండు కాళ్లూ లాగడం వేరు. ఒక్క కాలి పిక్క మాత్రమే వాచి, వేడిగా, ఎర్రగా ఉండి నొప్పెడితే దాన్ని ముట్టుకోవద్దు, మర్దన అసలే వద్దు. లోపల రక్తం గడ్డకట్టి ఉండొచ్చు, రుద్దితే అది కదిలి ఊపిరితిత్తులకి పోవచ్చు. ఆ రోజే డాక్టరు దగ్గరికి వెళ్లాలి.

ఇక మీ అత్తగారి మోకాళ్లు. అరిగిన గుజ్జుని ఏ నూనే తిరిగి తేలేదు, ఆ మాట ఆవిడకి మెల్లగా చెప్పు. పొద్దున్న లేవగానే ఉండే బిగువు మాత్రం తగ్గుతుంది. వావిలాకూ ఆముదపాకూ కలిపి తరిగి, మూకుట్లో కాస్త నూనె వేసి వేయించి గుడ్డలో మూట కట్టు. నీ ముంజేతి మీద పెట్టి వేడి చూసుకున్నాకే ఆవిడ మోకాలికి పెట్టు. షుగర్ ఉంది కాబట్టి కాళ్లలో స్పర్శ తక్కువుండొచ్చు, కాలినా తెలియదు. రాశాక అరికాళ్లు శుభ్రంగా తుడువు. మీ ఇంట్లో నున్నని టైల్స్, నూనె కాళ్లతో జారిపడితే ఈ వయసులో తుంటి ఎముక విరుగుతుంది. కుర్చీలో కూర్చుని కాలు తిన్నగా చాపి, కాసేపు అలాగే నిలిపి దించమను, రోజూ. తొడ కండ గట్టిపడితే మోకాలి మీద బరువు తగ్గుతుంది. నూనె కన్నా ఇది ఎక్కువ కాలం సాయం చేస్తుంది, అందుకే మానద్దని నా మాటగా చెప్పు.

ఆవిడ రక్తం పలచబడే మాత్ర మీద ఉన్నారు. కొట్లో దొరికే నొప్పుల బామ్‌లలో చాలావాటిలో వింటర్‌గ్రీన్ నూనె ఉంటుంది, వాసన తెలుస్తుంది నీకు. అది చర్మంలోంచి లోపలికి పోయి ఆ మాత్ర పనిని పెంచుతుంది, రక్తస్రావం అయ్యే ప్రమాదముంది. డాక్టర్ని అడక్కుండా రాయద్దు. ఏ బామ్ రాసినా దాని మీద హాట్ బ్యాగ్ పెట్టద్దు.

కాలు మడతపడి బెణికిన మొదటి రెండు రోజులు వేడీ వద్దు, మర్దనా వద్దు. చల్లని గుడ్డ, విశ్రాంతి. కీలు ఎర్రగా కాలిపోతున్నట్టుంటే, జ్వరంతో కీళ్లు పట్టేస్తే నూనె సీసా పక్కన పెట్టి రక్తపరీక్ష చేయించాలి. దోమల కాలంలో చికున్‌గున్యా, డెంగీ రెండూ ఇలాగే మొదలవుతాయి. పొద్దున్నే వేళ్ల కణుపులు గంట దాటినా విడవకపోతే అది అరుగుదల కాకపోవచ్చు. అప్పుడు కీళ్ల డాక్టరుకి చూపించండి.

వచ్చినవాళ్లంతా ఏదో ఒకటి చెబుతారు. జిల్లేడాకు కట్టమంటారు. దాని పాలు కంట్లో పడితే చూపుకే ముప్పు, పసివాడున్న ఇంటికి ఆ కొమ్మే తేవద్దు. నల్లజీడి చమురు పెట్టమంటారు, ఒళ్లు బొబ్బలెక్కి పుండ్లు పడతాయి, ఎవరు చెప్పినా వినకు. పచ్చి వెల్లుల్లి నూరి కట్టినా చర్మం కాలుతుంది. కీళ్లకని పేరూ ఊరూ లేని పొడులు అమ్ముతారు. అలాంటివాటిలో స్టెరాయిడ్లు కలిపినట్టు పరీక్షల్లో బయటపడ్డ సందర్భాలున్నాయి. మొదటి వారం అద్భుతంగా పనిచేసే పొడిని నేను అసలు నమ్మను.

నూనె పొడి గాజు సీసాలో పోసి, కాచిన తేదీ అంటించి, వెలుతురు తగలని చోట, పిల్లాడి చేతికందని ఎత్తులో పెట్టు. తడి చెయ్యి పెట్టద్దు. ముక్క వాసన వస్తే పారబొయ్యి.

కాచే రోజు ముందుగా ఫోన్ చెయ్యి. ముద్ద చూపించు, వేళ్ల మధ్య నలిపి ఎలా ఉందో చెప్పు, ఇంకెంతసేపు ఉంచాలో నేను చెబుతాను. అత్తగారికి మా నమస్కారాలు, అల్లుడుగారికి ఆశీస్సులు. ఆవిడ మాత్రల చీటీ ఒకసారి ఫోటో తీసి పంపు.

నాన్న