లారీలో ఇన్వర్టర్ బిగింపు: ఎఫ్‌సీ (ఫిట్‌నెస్ పరీక్ష)లో ఫ్యూజు కూడా చూడాలి

సంపాదకులకు నమస్కారాలు.

చీమకుర్తి నుంచి కృష్ణపట్నం రేవుకు గ్రానైట్ దిమ్మెలు తోలే లారీలలో ఈ మధ్య ఇన్వర్టర్లు ఎక్కువయ్యాయి. రేవు బయట వరుసలో రాత్రంతా ఆగవలసి వస్తే, వేసవిలో ఫ్యాను లేకుండా క్యాబిన్‌లో కన్ను మూతపడదు కనుక డ్రైవర్లను తప్పుపట్టలేము. 2025 అక్టోబరు 1 నుంచి తయారయ్యే లారీల క్యాబిన్లకు ఏసీ తప్పనిసరి చేశారు గానీ, మా వంటివారు నడుపుతున్నవి పాత బండ్లే. నేను రాయదలచింది ఈ ఇన్వర్టర్లను బిగిస్తున్న తీరు గురించి.

పెద్ద లారీలో రెండు 12 వోల్టుల బ్యాటరీలను కలిపి 24 వోల్టులు తీసుకుంటారు. చౌకగా వస్తుందని 12 వోల్టుల కారు ఇన్వర్టర్ తెచ్చి ఒక్క బ్యాటరీకే తగిలిస్తే ఆ బ్యాటరీ రోజూ దిగిపోతుంటుంది. ఛార్జింగు మాత్రం రెండింటికీ కలిపే జరుగుతుంది కనుక రెండోది అతిగా నిండి, యాసిడ్ మరిగి పాడవుతుంది. నిరుడు మా బండికి ఇదే జరిగి, తెల్లవారుజామున సెల్ఫ్ తీసుకోక, వెనకబండ్లవాళ్ల చేత చీవాట్లు తిన్నాము.

అంతకన్నా ప్రమాదం వైరుతో వస్తుంది. 24 వోల్టుల మీద 1000 వాట్ల భారం పెడితే బ్యాటరీ నుంచి సుమారు 42 ఆంపియర్లు, ఇన్వర్టర్‌లో పోయే నష్టం కలుపుకుంటే 50కి దగ్గరగా లాగుతుంది. ఇంట్లో బల్బుకు వేసే సన్నవైరునే ఛాసిస్ వెంబడి, డీజిల్ ట్యాంకు పక్కగా లాగిన బండ్లను నేను చూశాను. కుదుపులకు ఇనుముతో రాసుకుని పైపొర అరిగిననాడు అది షార్టయి మంట లేస్తుంది. ‘ఇన్వర్టర్ లోపల ఫ్యూజు ఉందిగా’ అని బిగించేవారు చెబుతారు. అది బ్యాటరీకీ ఇన్వర్టర్‌కూ మధ్యనున్న వైరును కాపాడలేదు. ఆ వైరు మోయగలిగినంత విలువగల ఫ్యూజును బ్యాటరీ ప్లస్సు దగ్గరే, జానెడు దూరం మించకుండా పెట్టాలి. అసలు ఫ్యాను ఒక్కటే కావాలంటే 24 వోల్టుల క్యాబిన్ ఫ్యాను చాలు, ఇన్వర్టర్‌తో పనే లేదు. రైస్ కుక్కర్ పెట్టాలనుకున్నప్పుడే ఈ లెక్కలన్నీ వస్తాయి.

ఎనిమిదేళ్లలోపు లారీకి రెండేళ్లకోసారి, ఆపైన ఏటా ఎఫ్‌సీ చేయిస్తున్నాము. బ్రేకులు, లైట్లు, పొగ చూసే ఆ పరీక్షలో తర్వాత బిగించుకున్న వైరింగును కూడా చూడాలని ప్రకాశం, నెల్లూరు జిల్లాల రవాణా అధికారులను కోరుతున్నాను. జరిమానాలతో మొదలుపెట్టకుండా, మొదటిసారి లోపం రాసిచ్చి సరిచేసుకునే గడువు ఇస్తే, నాలాంటి ఒక్కబండి యజమానులు కూడా సహకరిస్తారు.

ఇట్లు,
ఒక లారీ యజమాని,
చీమకుర్తి, ప్రకాశం జిల్లా