మావా, పాతిక లెక్క తేలింది

ఒరేయ్ మావా,

ఆ పాస్‌వర్డ్ ఆటలో 18వ రూల్ దగ్గర ఆపేశానని మెసేజ్ పెట్టావు కదా, ఆ ట్యాబ్ ఇంకా తెరిచే ఉంచావా? మూసేసినా పర్లేదులే, మళ్లీ మొదలుపెడదాం. దారి దొరికిందిరా. ఫోన్లో చెబుదామంటే నాకు తీరికయ్యే వేళకి నువ్వు ఆఫీసులో ఉంటావు, పైగా ఇది నోటితో చెబితే సగంలో లెక్క తప్పుతుంది. అందుకే కూర్చుని రాస్తున్నా. నువ్వూ పక్కన ఒక కాగితం పెట్టుకుని చదువు.

నువ్వు లింకు పంపిన రోజు ఇదేదో పిల్లలాట అనుకున్నా. ద పాస్‌వర్డ్ గేమ్ అని పేరు, నీల్ అగర్వాల్ 2023 జూన్‌లో పెట్టాడు, తెరిస్తే ఒక ఖాళీ పెట్టె, అందులో పాస్‌వర్డ్ కొట్టమంటుంది, అంతే. ఐదు అక్షరాలుండాలి, ఒక అంకె ఉండాలి, ఒక క్యాపిటల్ ఉండాలి అని రోజూ ఏదో ఒక సైటు అడిగేవే అడుగుతుంది. ఒకటి తీరగానే ఇంకోటి వస్తుంది, మొత్తం 35. కొత్తదాని కోసం ఏం చేర్చినా పాతవేవీ చెడకూడదు. దీంట్లో ఉన్న కష్టమంతా అదే, నాకు ఇంతగా నచ్చిందీ అదే.

5వ రూల్ గుర్తుందా? పాస్‌వర్డ్‌లో ఉన్న అంకెలన్నీ కూడితే 25 రావాలి. నేను 9, 9, 7 కొట్టి వెళ్లిపోయా. నువ్వూ అలాంటిదే ఏదో కొట్టి ఉంటావు. అసలు తప్పు అక్కడే మొదలైంది మావా. అది ఒకసారి తీర్చి వదిలేసే లెక్క కాదు. నెల మొదట్లో చేతిలో పెట్టిన డబ్బులాంటిది. తర్వాత వచ్చే రూల్స్‌లో కొన్ని ఏదో ఒక అంకె వెంటబెట్టుకునే వస్తాయి, వచ్చిన ప్రతి అంకె ఆ పాతికలోంచే తీసుకుంటుంది. వంకర అక్షరాల బొమ్మ చూసి కొట్టాల్సిన క్యాప్చా ఉంది చూడు, 10వది, నాకు మొదట వచ్చినదాంట్లో 4, 6, 7 ఉన్నాయి, అంటే 17 అక్కడే పోయింది. పక్కనున్న బటన్ నొక్కితే వేరేది వస్తుంది కదా, అంకెలే లేనిది వచ్చేదాకా నొక్కుతూ కూర్చున్నా.

లీప్ సంవత్సరం దగ్గర ఏం జరిగిందో విను. 15వ రూల్. ఏ లీప్ సంవత్సరమైనా సరే అన్నది కదా, మనం పుట్టిన 1996 కొట్టా. కొట్టి చూస్తే 1, 9, 9, 6 కలిపితే సరిగ్గా 25! 9, 9, 7 తీసిపారేశా, 5వ రూల్, 15వ రూల్ రెండూ ఒకే దెబ్బకి తీరాయి. అప్పుడు ఎంత సంబరపడ్డానో నీకు చెప్పలేను, రాత్రి పదకొండున్నరకి నీకు ఫోన్ చేయబోయి ఆగా. తర్వాతి రూల్ చదరంగం. బొమ్మ చూపించి, ఇందులో మేటి ఎత్తు రాయమంటుంది. ఏనుగుని జి6 గడిలో పెట్టాలి, ఏనుగుకి రాసే అక్షరం ఆర్, అంటే ఆర్, జి, 6. ఆ 6 కొట్టగానే కూడిక 31 అయింది. 1996 మొత్తం పాతికనీ తినేసి కూర్చుంది, దాంట్లో ఒక్క అంకె తగ్గించినా సంవత్సరం మారిపోతుంది. చేసేది లేక 2000 పెట్టా. 400తో నిశ్శేషంగా పోతుంది కాబట్టి అది లీప్ సంవత్సరమే, ఖర్చు 2 మాత్రమే. 2, 6 కలిపి 8. మిగతా 17కి ఒక 9, ఒక 8 విడిగా పెట్టుకున్నా. ఆ విడి అంకెలే ముఖ్యం. తర్వాత ఏ అంకె వచ్చినా వీటిలోంచి తగ్గించుకోవచ్చు, ఇంక దేన్నీ కదపక్కర్లేదు.

ఇప్పుడు రోమన్ అంకెల సంగతి. 9వ రూల్‌లో రోమన్ సంఖ్యల్ని గుణిస్తే 35 రావాలి అంటుంది. గుణించమనగానే మనం రెండు సంఖ్యల కోసం వెతుకుతాం, అలవాటు. ఐదు ఏడుల ముప్పై ఐదు అనుకుని ఒక చోట వి, మధ్యలో అంకెలు, ఇంకో చోట వి ఐ ఐ పెట్టా. అయినా రూల్ తీరక ఎర్రగానే ఉంది. పావుగంట చూశాక తెలిసింది, నెల పేరు ఉండాలన్న రూల్ కోసం మే అని రాసినప్పుడు ఎమ్ క్యాపిటల్ కొట్టా. రోమన్‌లో ఎమ్ అంటే 1000! నా గుణకారం 35,000 దాకా పోయింది. ఎమ్‌ని చిన్నక్షరం చేయగానే పచ్చగా అయింది. అప్పటినుంచి ఐ, వి, ఎక్స్, ఎల్, సి, డి, ఎమ్ ఈ ఏడు అక్షరాలూ క్యాపిటల్‌లో ఎక్కడ కనపడ్డా ఆగి చూస్తున్నా.

ఇక నిన్ను ఆపేసిన 18వది. పాస్‌వర్డ్‌లో ఉన్న మూలకాల పరమాణు సంఖ్యలు కలిపితే 200 రావాలి. నేను మూలకం అనుకుని రాసింది హీలియం ఒక్కటే, దాని సంఖ్య 2. ఇంకా 198 కావాలి, పెద్దవి రెండు వేస్తే అయిపోతుంది అనుకున్నా. ఏం వేసినా కుదర్లేదు. నువ్వూ ఇక్కడే విసిగిపోయి ఉంటావు. చివరికి క్యాలెండర్ కాగితం వెనక్కి తిప్పి పాస్‌వర్డ్ మొత్తం అక్షరం అక్షరం రాసి, పక్కన ఆవర్తన పట్టిక తెరిచి పెట్టుకున్నా. మనకి స్కూల్లో మొదటి ఇరవై మూలకాలు బట్టీ పట్టించారు కదా, అవైతే ఇప్పటికీ వరసగా వచ్చేస్తాయి, కానీ ఇక్కడ నన్ను ముంచినవన్నీ ఆ ఇరవై తర్వాతవే.

వి అంటే వెనేడియం, 23. ఐ అంటే అయోడిన్, 53. నేను రోమన్ అంకెలుగా రాసిన రెండు వి, రెండు ఐ ఈ రూల్‌కి మూలకాలు! రెండు ఇరవై మూళ్లు 46, రెండు యాభై మూళ్లు 106, మొత్తం 152. హీలియంతో 154. సరే, ఇంకా 46 ఉంది కదా అనుకునేలోపు చదరంగం ఎత్తు కనపడింది. ఏనుగు ఆర్, గడి జి. క్యాపిటల్ ఆర్ పక్కన చిన్న జి అంటే రాంట్‌జీనియం, 111. ఎక్స్‌రే కనిపెట్టిన రాంట్‌జెన్ పేరు పెట్టిన మూలకం, 1994లో జర్మనీలోని డార్మ్‌స్టాట్ ల్యాబ్‌లో తయారుచేశారు. దాంతో నా మొత్తం 265. నేను ఇంకా చేరుస్తూ పోతున్నా, అదేమో ఎప్పుడో దాటిపోయి కూర్చుంది.

చదరంగం ఎత్తుని మార్చలేం. హీలియం తీసినా తగ్గేది రెండే. ఇంక కదపగలిగింది రోమన్ అంకెలే. వాటిని చూస్తూ చాలాసేపు కూర్చున్నా. అమ్మ లేచి మంచినీళ్లు తాగి, ఇంకా పడుకోలేదేంట్రా అని వెళ్లిపోయింది. అప్పుడు తట్టింది మావా. 35 రావడానికి రెండు సంఖ్యలు ఎందుకు? 35 ఒక్కటే ఉంటే సరిపోదా? మూడు ఎక్స్‌లు, ఒక వి, మధ్యలో ఏమీ లేకుండా. గుణించడానికి ఇంకోటి లేకపోతే ఉన్నదే లబ్ధం. 9వ రూల్ ఒప్పుకుంది! ఎక్స్ అనే మూలకం లేదు కాబట్టి వాటి ఖర్చు సున్నా, మిగిలింది వెనేడియం 23 ఒక్కటే. 152 ఉన్నచోట 23. ఒక్క మార్పుతో 129 తగ్గిపోయింది. ఆ క్షణం కోసమైనా నువ్వు ఈ ఆట మళ్లీ ఆడాలి.

ఇప్పుడు 23, 111, 2 కలిపి 136. కావలసింది 64. గెడోలీనియం ఒక్కటే 64 అని తర్వాత చూశా, అప్పుడు కనపడలేదు. బ్రోమిన్ 35, నికెల్ 28 వేశా, 199 అయింది. ఇంకొక్కటి, హైడ్రోజన్. ఇంకో రూల్ స్పాన్సర్ కంపెనీ పేరు అడిగినప్పుడు చిన్నక్షరాల్లో షెల్ అని రాసి ఉన్నా, దానికి ముందు ఖాళీ ఉందని అక్కడ హెచ్ పెట్టా. పచ్చబడలేదు. మళ్లీ కూడి చూశా, మళ్లీ 200 వచ్చింది, రూల్ మాత్రం ఎర్రగానే. కాగితం మీద కాకుండా స్క్రీన్ మీద చదివితే అప్పుడు దొరికింది. క్యాపిటల్ హెచ్ పక్కన షెల్‌లోని చిన్న ఎస్. రెండూ కలిస్తే హాసియం, 108! నేను 200 అనుకుంటున్నది 307. విచిత్రమేంటంటే ఈ హాసియం కూడా ఆ డార్మ్‌స్టాట్ ల్యాబ్‌దే, 1984లో తయారైంది, ఆ ఊరున్న హెస్సే రాష్ట్రం పేరే దానికి పెట్టారు. హెచ్‌ని తీసి 9కి ముందు పెట్టా. హెచ్ తర్వాత అంకె ఉంటే ఏ అక్షరంతోనూ కలవదు. అంతే, 200.

నీ చదరంగం ఎత్తు ఏం వచ్చిందో చెప్పలేదు. ఒకసారి చూసుకో. గుర్రానికి రాసే అక్షరం ఎన్, అది హెచ్ గడుల్లోకి వెళ్తే ఎన్, హెచ్ కలిసి నిహోనియం, 113. ఏనుగు ఎఫ్‌లోకి వెళ్తే 104. గుర్రం డి గడుల్లోకైతే 60. మంత్రి ఎత్తు వచ్చినవాడు అదృష్టవంతుడు, మంత్రికి రాసేది క్యూ, దాంతో మొదలయ్యే మూలకమే లేదు. నువ్వు కాలేజీ టోర్నమెంట్లలో అన్ని ఎత్తులు రాసుకున్నావు, అవి ఇలా మూలకాలు కూడా అవుతాయని ఎప్పుడైనా అనుకున్నామా?

తర్వాత 20లో పాస్‌వర్డ్‌కి నిప్పంటుకుంటుంది, కంగారుపడకుండా మంటల్ని వెంటవెంటనే చెరిపెయ్. 17లో ఇచ్చిన గుడ్డు జాగ్రత్త, దాని పేరు పాల్, అది కాలితే ఆట అయిపోయినట్టే. 23 దగ్గర అది పిల్ల అవుతుంది, దానికి పురుగులు పెడుతూ ఉండాలి. ఇవన్నీ దాటా. నన్ను నిజంగా కూలదోసింది 24. సరిగ్గా ఇన్ని నిమిషాల ఇన్ని సెకన్ల యూట్యూబ్ వీడియో లింకు పెట్టమంటుంది. ఆ లింకులో వీడియోకి 11 అక్షరాల కోడ్ ఉంటుంది కదా, అందులో అంకెలుంటాయి, క్యాపిటల్స్ ఉంటాయి. అంకెలు పాతికని తింటాయి, క్యాపిటల్స్ 200ని చెడగొడతాయి, వాటిలో సి, డి, ఎల్, ఎమ్ ఉంటే 35 పోతుంది. నాకు దొరికిన మొదటి వీడియోలో డి ఉంది, 35 కాస్తా 17,500 అయింది. రెండోదాంట్లో ఒక 9, రెండు 8లు. ఉన్న విడి అంకెలన్నీ వదులుకున్నా సరిపోదు. ఇంకోటి వెతుకుతూ పురుగులు పెట్టడం మర్చిపోయా. తిరిగొచ్చేసరికి పాల్ ఆకలికి చచ్చిపోయింది. నిజంగా బాధేసిందిరా. రెండు గంటలు దాన్ని కాపాడుకుంటూ వచ్చా.

మర్నాడు ముందున్న రూల్స్ అన్నీ చదివి పాతికకి బడ్జెట్ వేశా. లీప్ సంవత్సరం 2000, ఖర్చు 2. 32లో పాస్‌వర్డ్ పొడవెంతో అందులోనే రాయాలి, 33లో ఆ పొడవు ప్రధాన సంఖ్య కావాలి. 101 ప్రధాన సంఖ్య, ఖర్చు 2, కాబట్టి పొడవుని అక్కడికి లాగుదాం. అంతకంటే పెరిగిపోతే 103, అదీ దాటితే 113, ఖర్చు 4, 5. చదరంగానికి ఎంత పోతుందో మన చేతిలో లేదు, 8 దాకా అనుకుందాం. 28లో రంగు కోడ్ ఉంది, దాంట్లోనూ అంకెలు రావచ్చు. మిగిలినదంతా వీడియోకి దాచాలి. చివరి 35వ రూల్ ఇప్పుడు టైమెంతో రాయమంటుంది. దాంట్లోనూ అంకెలే కదా!

అందుకే ఇది ఇద్దరం కలిసి ఆడాలి మావా. ఒకడు పాల్‌కి పురుగులు పెడుతూ పాస్‌వర్డ్ చూసుకోవాలి, రెండోవాడు వీడియోలు వెతకాలి. శనివారం డాలస్‌లో నీకు పొద్దున ఎనిమిదిన్నరకి మొదలుపెడదాం, గుంటూరులో అప్పుడు రాత్రి ఏడు. ఆట నీ కంప్యూటర్‌లోనే తెరువు, వీడియోలు నేను వెతికి లింకులు పంపిస్తా. ఎందుకంటే మనం చివరికొచ్చేసరికి ఇక్కడ 9:30 అవుతుంది, దాని ఖర్చు 12. అదే నిమిషంలో డాలస్‌లో 11:00, ఖర్చు 2. ఆ పది మిగిలితే వీడియోకి సరిపోవచ్చు. కాఫీ పెట్టుకుని కూర్చో, కాగితం, పెన్ను మర్చిపోకు.

నీ
గుంటూరు మావ