సద్దులకు వచ్చేయ్ బిడ్డా

బిడ్డా,

నిన్న నువ్వు ఫోన్ పెట్టేసినప్పటి నుంచి నా మనసు మనసులో లేదు. బతుకమ్మకు సోలాపూర్ మన ఇంటికి వస్తానంటే సాతారాలో మీ అత్తగారు "ముందు నవరాత్రుల ఘటస్థాపన కానీ, తర్వాత చూద్దాం" అన్నారని చెప్పి ఊరుకున్నావు. ఆ ఊరుకోవడమే నాకు దిగులు.

నవరాత్రుల్లో అక్కడ ఆడపిల్లలు భోండ్లా ఆడతారు. పీట మీద ఏనుగు బొమ్మ వేసి, చేతులు పట్టుకుని చుట్టూ తిరుగుతూ పాడతారు. చిన్నప్పుడు పక్కింటి మరాఠీ పిల్లలతో నేనూ ఆడేదాన్ని. అందులో ఒక కాకరపాదు పాట ఉంది. కోడలు పుట్టింటికి పంపమని అడుగుతుంది. కాకర విత్తనం నాటి వెళ్ళమంటుంది అత్త. నాటితే మొలక రానీ అంటుంది. ఆ తర్వాత తీగ పారాలి, పూత రావాలి, కాయ కాయాలి, కూర వండాలి, తినాలి. ఆ కోడలు ఎక్కడా అడగడం మానదు బిడ్డా! చివరికి దువ్వెన తెచ్చి, జడ వేసి పంపిస్తారు. మీ అత్తగారూ ఒకప్పుడు ఆ పాట పాడే ఉంటారు.

తెల్లవారకముందే తిరగలి తిప్పుతూ అక్కడి ఆడవాళ్ళు ఓవీలనే పాటలు పాడుకునేవారు. హేమా రాయిర్కర్, గీ ప్వాత్వాఁ అనే పరిశోధకులు కలిసి మహారాష్ట్ర పల్లెల్లో అలాంటివి లక్షకు పైగా సేకరించారు. పుట్టిల్లు, తీసుకెళ్ళడానికి వచ్చే అన్న, అత్త మాటలు... ఎదురుగా నోరు విప్పలేనివన్నీ రాయితో చెప్పుకున్నారు. నీకు ఆ ఖర్మ ఎందుకు?

అధిక మాసంలో అల్లుణ్ణి పిలిచి 33 అనార్సెలు పెట్టే ఆచారం వాళ్ళది. మీ ఆయనకు మనం అరిసెలు పెట్టాం, ఎంత మురిసిపోయాడు! అల్లుడికి అంత మర్యాద ఉన్నచోట కోడలు పుట్టింటికి రావడానికి ఇన్ని వాయిదాలు నాకు నచ్చవు.

అలాగని ఆమెను తప్పు పట్టకు. తొమ్మిది రోజులూ ఘటానికి రోజుకో మాల కట్టాలి, అఖండ దీపం కొండెక్కకుండా చూసుకోవాలి. ఆ వయసులో ఒక్కతే చేసుకోలేదు. అందుకే మొదటి రోజు ఎంగిలిపూలకు రావద్దు. ఘటస్థాపన దగ్గరుండి చేయించు. ఆ సాయంత్రమే పక్కన కూర్చుని, "ఆయీ, చివరి రోజు సద్దుల బతుకమ్మకు అమ్మ దగ్గరికి వెళ్ళొస్తాను" అని చెప్పు. అల్లుడితో చెప్పించకు, నువ్వే చెప్పు. ఆమె కూడా వస్తానంటే తీసుకురా, చాలా సంతోషం.

బంతిపూలకు ఇప్పుడే చెప్పి ఉంచాను. సాతారాలో ఏ బస్సు ఎక్కేదీ చెప్తే మీ నాన్న స్టాండుకు వస్తారు.

మీ అమ్మ