రాయచూరు పోయొచ్చిన, విను

గద్వాల,
ఆదివారం రాత్రి

దోస్తు,

ముందు తిట్టేదంతా తిట్టుకో, తర్వాత చదువు. నీ ఉత్తరం వచ్చి రెండు నెలలు దాటింది. టీవీ పక్కనే పెట్టుకున్న, రోజూ కంటికి కనపడుతనే ఉన్నది. వరికోతలు, నాయిన కంటి ఆపరేషను (మంచిగనే అయింది, పొద్దున లేస్తనే పేపరు ముందటేసుకుంటుండు), ఆ వెనకనే బడిలో పరీక్ష పేపర్లు దిద్దుడు. చెల్లెకు సంబంధం కుదిరింది, ఆ ముచ్చట ఆమెనే ఫోన్ చేసి చెప్తనన్నది. వార్తలు అయిపోయినయి. ఇగ అసలు సంగతి.

రాయచూరు కోట చూసొచ్చిన. మన గద్వాల నుంచి ఎంత దూరంరా అది? పొద్దున రైలెక్కితే టిఫిన్ వేళకు దిగినం. ఇన్నేండ్లు ఇంత దగ్గరుండి దాని పక్కనుంచే పోయొచ్చిన గాని లోపల కాలు పెట్టలేదు. మా చిన్నదాని వెంట పోయిన. ఎనిమిదో తరగతి పుస్తకంలో కృష్ణదేవరాయల పాఠం ఉన్నదని అది ఒకటే పోరు పెట్టింది. బాలాహిసారు గుట్ట ఎక్కి చూస్తే కింద చెరువు, దాని ఒడ్డున ఊరు, ఎండకు తెల్లగ మెరిసే కప్పులు. ఆడ నిలబడి దానికి ఈ కోట కోసం రాయలకూ బిజాపూరు సుల్తానుకూ నడిచిన 1520 యుద్ధం చెప్పిన. చెప్తుంటే నువ్వు యాదికొచ్చినవు. ఎందుకో చెప్తే నువ్వే ఒప్పుకుంటవు.

చెరువు కట్ట మీద మన మట్టిపెడ్డల యుద్ధాలు మర్చిపోయినవా? నువ్వు ఒళ్ళో ఉన్న పెడ్డలన్నీ ఒక్క ఊపులో విసిరేటోనివి. మేమంతా చెదిరిపోయేటోళ్ళం, "ఫిరంగి, ఫిరంగి" అని నువ్వు గెంతేటోనివి. అప్పుడు చింతచెట్టు సర్దారు ఏం చేసేటోడు? చెట్టు వెనక ఊపిరి బిగబట్టి కూసొని, నీ ఒడి ఖాళీ కాంగనే ఉరికొచ్చేటోడు. ఆ బిజాపూరు సుల్తాను ఇస్మాయిల్ ఆదిల్ షా నీ లెక్కనే చేసిండురా. అచ్చం నీ లెక్కనే. నువ్వు పెద్దయి నిజంగనే తోపుల రెజిమెంటులో చేరినవు, ఆయన మాత్రం కృష్ణ దాటి పారిపోయిండు.

మొదటి నుంచి చెప్త. కృష్ణకూ తుంగభద్రకూ నడుమ నేల కోసం విజయనగరమూ దక్కన్ సుల్తానులూ ఎన్నిసార్లు కొట్టుకున్నరో లెక్కలేదు. ఈసారి సాకు గుర్రాలు. గోవాకు పోయి గుర్రాలు కొనుక్కరమ్మని రాయలు ఒకనికి 40,000 వరహాలు ఇచ్చి పంపితే, వాడు ఆ పైసలతోటి ఆదిల్ షా దగ్గరికి చేరిండు. రాయలు దండెత్తి వచ్చి రాయచూరు కోటను చుట్టుముట్టిండు. ఇది విని ఆదిల్ షా బిజాపూరు నుంచి వచ్చి కృష్ణ దాటిండు, ఈవలి ఒడ్డున కందకం తవ్వి తోపులు వరుసగ నిలబెట్టిండు. ఇదంతా న్యూనిజ్ అనే పోర్చుగీసు గుర్రాల వ్యాపారి రాసిపెట్టిండు. యుద్ధమైన పదిహేనేండ్లకు విజయనగరంలో ఉన్న మనిషి. రాయల పక్కన ఏడు లక్షల కాల్బలం ఉండెనంటడు. అది నేను నమ్మ. అంతమందికి బువ్వ ఎవరు వండుతరు, నీళ్ళు ఎవరు మోస్తరు? ఆదిల్ షాకు 18,000 గుర్రాలు, 1,20,000 కాల్బలం అంటడు. లెక్కలు ఎట్లున్నా, యుద్ధం నడిచిన తీరు మాత్రం కండ్ల ముందర జరిగినట్టు చెప్తడు.

ఇంకో సంగతి నవ్వొస్తది విను. రాయలు శుక్రవారమే పోదామంటే, శుక్రవారం మంచిది కాదు, శనివారం మంచిరోజు అని దగ్గరోళ్ళు ఆపిన్రట! మా అవ్వ వింటే ఏమంటదో. శనివారం పూట చీపురు కొననియ్యని మనిషి.

శనివారం, మే 19, తెల్లారకముందే నగారాలు మోగినయి. రాయల ముందటి దళం పోయి ఆదిల్ షా మనుషులను కందకం దాకా తోసింది. మనోళ్ళు బాగా దగ్గరికి వచ్చినంక ఆదిల్ షా తోపులన్నీ ఒక్కసారే పేల్చిండు. అన్నీ, ఒక్కటి కూడా మిగల్చకుండ. ఎంతమంది పడిపోయిన్రో! ముందటి దళం వెనుదిరిగింది. దాదాపు కోసు దూరం ఉరికొచ్చిన్రు, వెనకాల ఆదిల్ షా గుర్రాలు నరుక్కుంట వస్తున్నయి.

ఇగ ఈడ జర ఆగి చదువు.

రాయలు వెనక దళంతోటి ఉన్నడు. ఎదురుంగ తన మనుషులే చెల్లాచెదరై మీదికొస్తున్నరు. అసొంటప్పుడు ఒక్క గుర్రం వెనక్కి తిరిగినా మొత్తం సైన్యం తిరుగుతది, అది నాకంటే నీకే ఎరుక. న్యూనిజ్ ఏమంటడంటే, రాయలు వేలికున్న ఉంగరం తీసి ఒక పనిపిల్లగానికి ఇచ్చిండట. నేను చస్తే ఇది రాణులకు చూపించు, వాళ్ళకు ఆనవాలు అని. తర్వాత గుర్రమెక్కి, మిగిలిన దళాలన్నిటినీ వెంటేసుకొని ముందుకు పోయిండు.

ఉంగరం ఇచ్చిండంటే చావుకు సిద్ధపడ్డడు అనేది ఒకటి. కాని చుట్టూ ఉన్న నాయకులు అది చూసిన్రు కదరా! రాజు ఇంటికి ఆనవాలు పంపుతుండు, తిరిగి పోయే ఆలోచన లేదు అని వాళ్ళకు తెలిసిపోయింది. ఆ చిన్న ఉంగరం చేతులు మారినప్పుడు ఎవరికీ వెనక్కి పోయే తోవ మిగలలేదు. నాకు గుట్ట మీద ఒళ్ళు జలదరించింది, ఒట్టు. మా చిన్నది ఏమడిగిందో తెలుసా? "నాయినా, ఆ పిల్లగాడు ఏమైండు? యుద్ధమంతా ఉంగరం పిడికిట్లో పట్టుకొని నిలబడ్డడా?" న్యూనిజ్ ఆ పిల్లగాని మాట మళ్ళ ఎత్తడు. అప్పటి నుంచి నాకు వాడే యాదికొస్తుండు. చెమట పట్టిన చెయ్యి, ఆ చేతిలో రాజు ఉంగరం.

తర్వాత నీకు నచ్చని ముచ్చట. తోపుల బలంతోటి వెంటబడ్డ ఆదిల్ షా మనుషులు వరుస తప్పిన్రు. ఎవని ఇష్టం వానిది. తోపులేమో వెనక కందకం కాడనే ఉన్నయి, ఖాళీగ. అలసిపోయి, చెదిరిపోయి ఉన్నోళ్ళ మీదికి రాయల కొత్త దళాలు వచ్చి పడ్డయి. వాళ్ళు తిరిగి కందకం దాకా, ఆడికెల్లి నది దాకా ఉరికిన్రు. ఎంతోమంది నీళ్ళల్లో మునిగి పోయిన్రు. ఆదిల్ షా సేనాని సలాబత్ ఖాన్ ఒక్కడే 500 మంది పోర్చుగీసు మనుషులతోటి కడదాకా నిలబడి కొట్లాడి పట్టుబడ్డడు. శత్రువైనా వాణ్ణి మెచ్చుకోవాలె. 400 పెద్ద తోపులు రాయలకు చిక్కినయని రాసిండు న్యూనిజ్.

ఇప్పుడు చెప్పు, తోపులోడా. అన్నీ ఒకేసారి పేల్చకుండ సగం పట్టి ఉంచితే? మనోళ్ళు రెండోసారి వచ్చినప్పుడు ఆ సగం పేలితే? నేను మూడు రోజుల సంది ఇదే ఆలోచిస్తున్న. ఆ కాలపు తోపు చల్లారి, తుడిచి, మందు కూరి, గుండు వేసి మళ్ళ పేల్చేటందుకు ఎంతసేపు పట్టేది? నువ్వు చెప్తే గాని నా లెక్క తేలదు. మరువకుండ రాయి.

ఒక మాట మాత్రం నాకు మింగుడు పడలేదు. రాయలు ముందుకు పోతుంటే, ఉరికొస్తున్న తన మనుషులను కనికరం లేకుండ నరకమని హుకుం ఇచ్చిండట. తన మనుషులనే. అదే మనిషి సాయంత్రం నది ఒడ్డున, వీళ్ళల్లో తప్పు చేయనోళ్ళు మస్తుమంది చస్తున్నరు, చాలు ఆపుమన్నడు. పొద్దుటి హుకుమూ సాయంత్రం దయా ఒక్కని నోటినుంచే. యుద్ధం గెలిచేటందుకు పొద్దుటిది తప్పదని నువ్వంటవు, నాకెరుక. నువ్వు సరిహద్దులో ఉండొచ్చినోనివి, నేను సుద్దముక్క పట్టుకునేటోన్ని. అయినా ఆ ఉరికొచ్చినోళ్ళు తోపుల నోటికి ఎదురుపోయి వచ్చినోళ్ళే కదరా. రాయల వైపే 16,000 పైన శవాలు కాల్చిన్రంటడు న్యూనిజ్. అందులో ఎంతమంది... పోనీ, ఆపుత.

కోట సంగతి చెప్పలేదు కదా. గెలిచినంక రాయలు మళ్ళ రాయచూరు గోడల కాడికే వచ్చిండు. ఆ రోజుల్లో గుర్రాలు అమ్మేటందుకు ఫిగెరేదో అనే పోర్చుగీసు ఆయన వచ్చి ఉండె, వెంట 20 మంది తుపాకుల మనుషులు. వాళ్ళు కింద నుంచి గోడ మీద తల కనపడితే కొట్టుడు, అదే అదనులో రాయల మనుషులు గడ్డపారలతోటి గోడ విప్పుడు. ఊడదీసిన రాయికి కూలి! రాయి సైజును బట్టి 10 పణాల నుంచి 50 పణాల దాకా ఇచ్చి కొన్నరట. ఆ తుపాకులోళ్ళు యాడున్నరా అని కోట అధికారి గోడ మీదికెల్లి వంగి చూస్తే, నుదుటికే గుండు తగిలింది. తెల్లారి ఊరు లొంగిపోయింది.

పడమటి గోడలో ఒక రాయి చూసినం. ఒక్కటే రాయి, 40 అడుగులు దాటుతది. దాని మీద తెలుగు శాసనం, 1294 నాటిది. కాకతీయ ప్రతాపరుద్రుని కాలంలో గోన విఠలుడు ఈ కోట కట్టించినప్పటిది. గోనవాళ్ళంటే మన పాలమూరు వర్ధమానపురం వాళ్ళే. కన్నడం మాట్లాడే ఊరిలో గోడకు తెలుగు అక్షరాలు! పక్కనే ఆ రాయిని బండి మీద వేసి, జతలు జతలుగ పశువులు లాగుతున్న బొమ్మ గీసిన్రు. మా చిన్నది వేలితోటి ఆ పశువులను ఒక్కొక్కటే లెక్క పెట్టుకుంట పోయింది. నేనేమో, ఇంత కష్టపడి తెచ్చి నిలబెట్టిన గోడకు రెండు వందల ఏండ్ల తర్వాత రాయికి ఇన్ని పణాలని రాళ్ళు పీకిన్రు కదా అని అట్లనే నిలబడ్డ. రైలు వేళ అయిందని అదే నన్ను గుంజుకొచ్చింది.

ఇంకా ఒకటున్నది. గెలిచినంక రాయలు ఆదిల్ షాను వచ్చి నా కాలు ముద్దు పెట్టుకో, నీ రాజ్యం నీకిస్త అన్నడు. ఎందుకన్నడురా? నది ఒడ్డున చాలు ఆపుమన్న నోరే అది. ఆ మాట సుల్తానుల కడుపులో ఎంతకాలం మండి ఉంటది! ఇంకో దిక్కు, తోపులున్నోడు ఓడిపోయిండు, మన గుర్రాలే గెలిచినయి అనే ధైర్యం విజయనగరానికి పట్టుకున్నది. 400 తోపులు చేతికొచ్చినయి, వాటితోటి యుద్ధం చేసుడు మాత్రం సుల్తానులే ఎక్కువ నేర్చుకున్నరని నాకనిపిస్తది. 45 ఏండ్లకు, 1565లో, తాళికోట యుద్ధంలో, అదే కృష్ణకు దగ్గర, సుల్తానులంతా ఒక్కటై వచ్చిన్రు. ఈసారి తోపుల్లో రాగి నాణేల సంచులు కూరి, మనోళ్ళు దగ్గరికొచ్చేదాకా ఆగి పేల్చిన్రు. అప్పుడు విజయనగరాన్ని నడిపేటోడు అళియ రామరాయలు, ముసలి వయసులో... అది నీ గెలుపు, తోపులోడా, ఒప్పుకుంటున్న. దాని మీద నాకు చెప్పాల్సింది మస్తున్నది, రామరాయలు ఆ రోజు గుర్రం కాదని పల్లకిలో ఎందుకు కూసున్నడో అని

మీ బామ్మర్ది వాకిట్లోకొచ్చిండు, బండికి టైమైందని తొందరపెడుతుండు. ఈ కవరు ఆయన చేతికే ఇస్తున్న. కారంపొడి డబ్బా కూడా ఉన్నది, మూత సరిగ పట్టలేదు, నిలువుగనే పెట్టుమను. తోపు సంగతి రాయి, మరువకు.

నీ
చింతచెట్టు సర్దారు