సెయింట్ లూయిస్ నుంచి నాన్నగారికి

పూజ్యులైన నాన్నగారికి,

ఇక్కడ అందరం క్షేమం. మొన్న ఫోన్‌లో "సెలవు రోజుల్లో కూడా ఆ కంప్యూటర్‌లో ఏం చదువుతున్నావురా" అని మీరడిగారు. పాత కోర్టు కాగితాలని చెప్పేలోపే అమ్మ ఫోన్ లాక్కుంది. తెనాలిలో ప్లీడరు గుమాస్తాగా జీవితమంతా గడిపిన మీకు కాక ఇంకెవరికి చెప్పను?

ఈ ఊళ్ళో బానిసత్వం ఉన్న రోజుల్లో బానిసలే యజమానుల మీద 300కు పైగా దావాలు వేశారు. డబ్బు లేనివాళ్ళు మన పాపర్ దావాలాగా కోర్టు ఫీజు కట్టకుండా వేసుకోవచ్చని 1824లోనే చట్టం చేశారు. మసి పట్టిన ఆ కట్టల్ని శుభ్రం చేసి, స్కాన్ చేసి ఇప్పుడు అందరికీ అందుబాటులో పెట్టారు.

ప్లెయింటు రాసే పద్ధతి వింటే మీకు నవ్వొస్తుంది. స్వేచ్ఛ ఇప్పించమని నేరుగా అడగరు. "నేను స్వతంత్రుణ్ణి, ఫలానావారు నన్ను కొట్టి నిర్బంధించారు" అని దెబ్బల కేసు వేస్తారు. ప్రతివాది "నా బానిస కాబట్టి ఆ హక్కు నాకుంది" అంటాడు. అసలు తగాదా అప్పుడు జ్యూరీ ముందుకొస్తుంది.

1846 ఏప్రిల్ 6న డ్రెడ్ స్కాట్, అతని భార్య హేరియట్ ఇద్దరూ ఐరీన్ ఎమర్సన్ అనే ఆవిడ మీద ఇలాగే చెరో దావా వేశారు. కాగితం కింద గుమాస్తా రాసిన పేరు, దాని మధ్యలో ఇంటూ గుర్తు నిశాని. ఆవిడ భర్త మిలిటరీ డాక్టరు. డ్రెడ్‌ను ఇల్లినాయ్‌కి, ఆ తర్వాత ఉత్తరాన ఫోర్ట్ స్నెల్లింగ్‌కి తీసుకెళ్ళాడు. రెండు చోట్లా బానిసత్వం నిషేధం. అలాంటి చోట కాపురమున్న బానిసలకు మా మిస్సోరి రాష్ట్రం కోర్టులు అప్పటికే ఎన్నోసార్లు విముక్తి ఇచ్చాయి. అయినా 1847లో కేసు ఓడిపోయింది. ఎందుకో తెలుసా? ఆ దంపతుల్ని ఎమర్సన్ దగ్గర కూలికి తీసుకున్నానన్న సాక్షి, క్రాస్ ఎగ్జామినేషన్‌లో, వాళ్ళని కూలికి మాట్లాడింది తన భార్య అని ఒప్పుకున్నాడు. విన్నమాట సాక్ష్యం చెల్లదన్నారు. ఆవిడ వీళ్ళని బానిసలుగా ఉంచుకుందని రుజువు కాలేదట, కాబట్టి వీళ్ళు మళ్ళీ ఆవిడకే బానిసలు! 1850లో ఆ సాక్షి భార్య సాక్ష్యంతో గెలిచారు. 1852లో రాష్ట్ర సుప్రీం కోర్టు అదీ కొట్టేసింది.

వాండర్‌వెల్డ్ అనే లా ప్రొఫెసర్, చరిత్రకారిణి, ఈ కట్టల్లో అందరూ దాటేసిన ఒక కాగితాన్ని పట్టుకున్నారు. అది హేరియట్ దావా. తల్లి బానిసైతే పిల్లలూ బానిసలే అన్నది అప్పటి చట్టం. వాళ్ళకి ఇద్దరాడపిల్లలు. వాళ్ళ బతుకు తల్లి కేసు మీదే ఆధారపడింది. పైగా ఫోర్ట్ స్నెల్లింగ్‌లో హేరియట్ పెళ్ళిని మేజిస్ట్రేటు హోదాలో జరిపించింది ఆమె అప్పటి యజమానే. బానిసల పెళ్ళిని చట్టం గుర్తించని రోజులవి, అంటే ఆమెని స్వతంత్రురాలిగా చూసినట్టే. ఆమె కేసే ఎక్కువ బలమైనదని ఈ ప్రొఫెసర్ వాదన. 1850లో రెండు పక్షాల వకీళ్ళూ డ్రెడ్ కేసొక్కటే నడుపుదాం, దాని ఫలితమే హేరియట్‌కీ వర్తిస్తుందని రాసుకున్నారు. మొగుడి కట్టలో పెళ్ళాం కట్ట కలిపేశారు. నాకైతే అది చదివినప్పుడు ఒళ్ళు మండింది.

తర్వాతది లోకమంతా ఎరిగిందే. డ్రెడ్ ఈసారి ఫెడరల్ కోర్టులో ఐరీన్ అన్న శాన్‌ఫర్డ్ మీద దావా వేశాడు. నల్లవాళ్ళు పౌరులే కారు, ఫెడరల్ కోర్టులో దావా వేసే అర్హతే లేదని 1857 మార్చి 6న అమెరికా సుప్రీం కోర్టు తీర్పిచ్చింది. ప్రతివాది శాన్‌ఫర్డ్ ఇంటిపేరులో ఒక అక్షరం ఎక్కువ పడి, ఈ రోజుకీ కేసు ఆ తప్పుతోనే చలామణీ అవుతోంది. మీరైతే ఒప్పుకునేవారు కాదు. ఆ మే నెలలో, ఎమర్సన్ కన్నా ముందు డ్రెడ్ యజమానిగా ఉన్న కుటుంబంవాళ్ళు వాళ్ళకి విముక్తి ఇచ్చారు. దావా నడిచినన్నాళ్ళూ షెరీఫ్ వాళ్ళని కూలికి పంపి, ఆ డబ్బు గెలిచినవాళ్ళ కోసం దాచేవాడు. అదీ ఎమర్సన్‌కే చేరింది. డ్రెడ్ మరుసటేడే క్షయతో పోయాడు. హేరియట్ బట్టలుతుకుతూ 1876 దాకా బతికింది.

మనవైపు 1843 చట్టం బానిస మీద యజమాని హక్కును కోర్టులు అమలు చెయ్యకూడదంది, అంతే. ఎవర్నీ పిలిచి విడిపించలేదు. ఆ తర్వాత కూడా అప్పుపత్రం పేరుతో మనుషుల్ని కట్టేసి ఉంచడం మన జిల్లాల్లో సాగిందని మీకు నేను చెప్పాలా?

ఒకటి అడగాలి. మన కోర్టుల్లో రెండు దావాలు కలిపి విచారించేటప్పుడు, రెండో వాది విడిగా అభ్యంతరం చెప్పుకునే వీలుందా? తీరిక చూసుకుని రాయండి. ఫోన్‌లో వద్దు, అమ్మ లాక్కుంటుంది.

మీ
చిన్నవాడు